తొమ్మిది తోపుల చిత్రిక

వీణలు చేసే సోమలింగాచారిని ఏదైనా అడిగితే ముందు చేతిలోని ఉలి కింద పెట్టేవాడు. ఉలి పట్టుకుని మాట్లాడితే గాటూ వంకరపోతుంది, మాటా వంకరపోతుందని ఆయన నమ్మకం. జవాబు చెప్పి మళ్ళీ ఉలి అందుకునేవాడు. ఆ శ్రావణంలో శిష్యుడు పైడిరాజు అడిగిన రోజున మాత్రం కింద పెట్టిన ఉలిని ఆ పూటంతా ముట్టలేదు.

పైడిరాజు తల్లి మంచం పట్టింది. కొడుకు చేసిన తొలి వీణ పలకగా వినాలని ఆమె కోరిక. వైద్యుడు చూసి, కార్తీకం గడవడం కష్టమన్నాడు. శిష్యుడు తొలి వీణను తాను స్వయంగా కొట్టిన పనసదుంగతోనే చెక్కాలని, ఇంకొకరు ఆరబెట్టిన కర్ర ముట్టకూడదని ఆ పనివాళ్ళ కట్టుబాటు. పైడిరాజు దుంగ నిరుడు కొట్టింది. దానికింకా పాలవాసన పోలేదు. ఏడెనిమిదేళ్ళు నీడన ఆరితే గాని అది వీణకు పనికిరాదు.

గురువు పెట్టె అడుగున, నూనెగుడ్డలో చుట్టిన, కర్రను తోసి నునుపు చేసే చిత్రిక ఒకటి ఉందని అతనికి తెలుసు. దానితో కర్రను ఒక్క తోపు తోస్తే కర్ర మీద ఒక ఏడాది గడిచిపోతుందని పనివాళ్ళు గొంతు తగ్గించి చెప్పుకునేవారు.

“మా యమ్మ కార్తీకం దాటదంట గురువుగోరూ. ఆ చిత్రిక ఒక్కపాలి ఇవ్వండి,” అన్నాడు. ఆలస్యం అమృతం విషం అన్నారు కదా అని కూడా అన్నాడు.

సోమలింగాచారి వాదించలేదు. పెట్టె తెరిచి చిత్రిక తీసి అతని ముందు పెట్టాడు. పైడిరాజు దాని మీద చెయ్యి వేశాడు. పట్టపగలు, ఉక్కపోతలో, అది బావినీళ్ళంత చల్లగా ఉంది. అప్పుడు గురువు తన సంగతి చెప్పడం మొదలుపెట్టాడు.

ఇరవయ్యో ఏట ఆయనకూ ఇదే అవసరం పడింది. ఆయన తండ్రి పెద్ద పనివాడు, చూపు పోయి, ఆయాసంతో మంచంలో ఉన్నాడు. కొడుకు తొలి వీణ విని మరీ పోతానని పట్టుబట్టాడు. చిత్రిక ఆ రోజుల్లో సోమలింగం గురువు దగ్గర ఉండేది. దాన్ని ఇస్తూ ఆ గురువు ఒక్కటే హెచ్చరిక చేశాడు: దుంగ మీద గడిచే ఏడాది తోసినవాడి ఒంటి మీదా గడుస్తుంది. తన దుంగ అప్పటికే కొంత ఆరిందని సోమలింగం ఐదు తోపులు చాలనుకున్నాడు. ఇరవై ఐదేళ్ళవాడినవుతాను, తండ్రి కోసం ఆ మాత్రం ఇవ్వలేనా అనుకున్నాడు. ఈ కథ చెబుతున్న నాకైతే అందులో తప్పేమీ కనబడదు.

తాగడానికి తెచ్చుకున్న గంజి పక్కన పెట్టి మొదటి తోపు తోశాడు. తడి పొట్టు చుట్టుకుంటూ లేచింది. మెడ వెనక ఎవరో ఊదినట్టయింది. రెండో తోపుకు గడ్డం నిండింది. మూడో తోపుకు చొక్కా భుజాల దగ్గర పిగిలింది. భయం వేసింది, కాని చెయ్యి ఆపలేదు. ఐదో తోపు అయ్యాక, వీణపనివాళ్ళు చేసేటట్టు వేలి కణుపుతో దుంగను తట్టి చూశాడు. పలుకు ఇంకా కాస్త మొద్దుగా ఉంది. ఇంకొకరైతే చాల్లే అని ఊరుకునేవారు. వీణపనివాడి చెవి ఊరుకోదు. మరొక తోపు తోసి తట్టాడు. మరొకటి తోసి తట్టాడు. తొమ్మిదో తోపుకు దుంగ ఖణేలుమంది.

తల తిప్పి చూస్తే గంజి మీద ఆవిరి ఇంకా లేస్తూనే ఉంది. ఆ ఆవిరిని చూసినప్పుడు ఆయనకు అసలు వణుకు పుట్టింది. తొమ్మిదేళ్ళు పోయాయి, వాటిలో ఒక్క జ్వరం గుర్తులేదు, ఒక్క తగాదా గుర్తులేదు, ఎవరూ తనను పిలిచిన గుర్తు లేదు. ఉలి అందుకుంటే వేళ్ళకు పట్టు తెలియలేదు. తొమ్మిదేళ్ళు పని ముట్టని చేతులవి.

సాయంత్రం ఇంటికి వెళ్ళాడు. అడుగుల చప్పుడు విని తండ్రి మంచంలోంచి “సంటోడా” అని పిలిచాడు. ఆ ఇంట్లో సోమలింగాన్ని అలాగే పిలిచేవారు. అతను పలకలేదు. అది తన పేరేనని తట్టడానికి కొంతసేపు పట్టింది. ఆలోగా తండ్రి మొహం మారిపోయింది. దగ్గరికి వెళ్ళి “నానే” అంటే గొంతు వేరుగా వినబడింది. ముసలాయన చేతులు చాచి, ఆ గడ్డం, ఆ దవడలు తడిమి, భయపడి వెనక్కి తీసుకున్నాడు. ఎవరు బాబూ మీరు, మావాడింకా పనిలోంచి రాలేదు అన్నాడు. ఇరుగుపొరుగు ఒట్టు పెట్టి చెప్పినా నమ్మలేదు. గుడ్డివాణ్ణని అందరూ ఆడుకుంటున్నారని ఏడ్చాడు. ఆ రోజు నుంచి ఏ చప్పుడైనా వాకిలి వైపు చెవి పెట్టడమే ఆయన పని. అన్నం పెట్టే చెయ్యి ఎవరిదో అడగడం కూడా మానేశాడు.

సోమలింగం మరిచిన పని మళ్ళీ చేతికి తెచ్చుకుంటూ వీణ చెక్కాడు. నాలుగు నెలలు పట్టింది. తండ్రి అంతవరకూ బతికే ఉన్నాడు. కొడుకు వస్తాడన్న ఆశే ప్రాణం నిలబెట్టిందని చూసినవాళ్ళు అనుకున్నారు.

ఇంతవరకూ చెప్పి సోమలింగాచారి ఆగిపోయాడు. పైడిరాజు చెయ్యి ఇంకా చిత్రిక మీదే ఉంది. తీయాలో, ఉంచాలో అతనికి తోచలేదు. ఇంటి దగ్గర తల్లి తన పేరు పిలుస్తూ ఉంటుందన్న ఊహ వచ్చింది. అప్పుడు అడిగాడు.

“మరి మీ అయ్యగోరు ఆ వీణ ఇన్నారా?”

“ఇన్నాడ్రా. కడదాకా ఇన్నాడు. ‘బాగా సేసినావు బావూ, మావోడొచ్చేక ఆడికీ నేర్పు’ అన్నాడు.”