జడ్జిగారు లేచిన వాయిదా

జిల్లా జడ్జిగా పనిచేసి విరమించిన ఇందుమతిగారి దగ్గరకు కొత్తగా జడ్జీలైన పిల్లలు సందేహాలు పట్టుకుని వస్తుండేవారు. ఒకనాడు ఫణీంద్ర కాస్త ఉడుకుగానే అడిగాడు.

"మేడమ్, జడ్జి ఏ తప్పూ చేయలేదు. అయినా కక్షిదారు భయమేస్తోందన్నంత మాత్రాన కేసు ఇంకో కోర్టుకు మార్చేయడమేనా? ఆ జడ్జికి అవమానం కాదూ?"

ఆమె వాదించలేదు. వరహాలమ్మ సంగతి చెప్పారు.

వరహాలమ్మ భర్త పోయాక, ఆమె ఉంటున్న పెరటి గదులు తనవేనని, ఖాళీ చేయమని బావగారు సింహాద్రి మేష్టారు దావా వేశారు. నడవలేని కూతుర్ని ఎత్తుకుని ఆవిడ ఎక్కడికి పోతుంది? పోనీ ఎవరితోనైనా చెప్పుకుందామంటే, ఆ ఊళ్లో అక్షరమ్ముక్క వచ్చిన ప్రతివాడూ మేష్టారి బెత్తం కింద నేర్చుకున్నవాడే. ఆమె పెట్టుకున్న వకీలూ అంతే. "మేష్టారితో కోర్టు గొడవేమిటమ్మా, పోయి కాళ్లమీద పడరాదూ?" అన్నాడు పాలవాడు. క్రమంగా వీధిలో పలకరింపులు ఆగిపోయాయి.

కోర్టులో జడ్జిగారు వస్తే అందరూ లేస్తారు. ఆయన ఎవరికీ లేవరు. వాయిదా నాడు కేసు పిలవగానే మేష్టారు చేతికర్ర ఆనించుకుంటూ లోపలికి వచ్చారు. పైన కూర్చున్న జడ్జిగారు కుర్చీలోంచి సగం లేచి, అంతలోనే సర్దుకుని కాగితాల్లో తల దూర్చారు. ఎవరికీ అది వింతగా తోచలేదు. వాళ్లూ లేచే ఉన్నారు. ఆ హాల్లో కూర్చుని ఉన్నది వరహాలమ్మ ఒక్కతే.

"కేసు ఇంకో ఊరికి మార్పించండి బాబూ," అంది వకీలుతో.

"జడ్జిగారు మిమ్మల్నేమైనా అన్నారా?"

"అనలేదు. లేచారు."

"ఓస్, అంతేనా! చదువు చెప్పిన మేష్టారొస్తే లేవరూ? నేనూ లేచాను."

"అదే బాబూ, నా భయం."

ఆ అర్జీ ఇందుమతిగారి ముందుకు వచ్చింది. ఆ జడ్జి ఏమంటారో రాయమని ఆమె అడిగారు. ఆయన రాసింది రెండే మాటలు: "లేచానో లేదో నాకు గుర్తు లేదు. అందుకే మార్చేయండి."

కేసు ఏటి అవతలి ఊరికి పోయింది. వాయిదాలకు వరహాలమ్మ కూతుర్ని చంకనేసుకుని బస్సెక్కేది. అక్కడ ఆమెను ఎరిగినవాళ్లు లేరు. మేష్టారినీ ఎరిగినవాళ్లు లేరు. మొదటి రోజు ఆయన కర్రమీద బరువేసి వరండాలో చాలాసేపు నిలబడ్డారు. ఎవరూ చోటివ్వలేదు. చివరకు వరహాలమ్మే కూతుర్ని ఒళ్లోకి లాక్కుని బల్లమీద జరిగింది. ఆయన ఆ చివర కూర్చున్నారు. ఆ ఊరంతటిలో ఆయన్ని ఎరిగినది ఆమే, ఆమెను ఎరిగినది ఆయనే.

తీర్పు మేష్టారి పక్షానే వచ్చింది. వరహాలమ్మ గదులు ఖాళీ చేసింది. పైకోర్టుకు పోదామా అని వకీలు అడిగితే తల అడ్డంగా ఊపింది.

"ఏడుపొచ్చింది బాబూ. అనుమానం రాలేదు."

ఇందుమతిగారు ఆపారు. ఫణీంద్ర నవ్వేశాడు.

"చూశారా మేడమ్! ఆ తీర్పేదో మొదటి కోర్టులోనూ అలాగే వచ్చేది. జడ్జి అన్నవాడు మనసు గట్టిగా పెట్టుకుంటే ఎవరొస్తే ఏమిటి, ఎవరు పోతే ఏమిటి? నా మటుకు నేను..."

ఇందుమతిగారు మంచినీళ్ల కోసం కుర్చీలోంచి లేచారు. మాట మధ్యలోనే ఫణీంద్ర కూడా లేచి, చేతులు కట్టుకుని నిలబడ్డాడు.

ఆమె అతని వంక తిరిగారు.

"కూర్చో నాయనా. నిన్ను లేవమని నేననలేదే."