తరుగమ్మ, ఆరని సిరా

"పిల్లలూ, కాగిన పాలగిన్నె పొయ్యి మీంచి దించి కిటికీలో పెట్టాను. ఇంకాసేపటికి చల్లారుతుంది. ఎవరు చల్లారుస్తారో చెప్పుకోండి చూద్దాం?" అంది అమ్మమ్మ.

"ఫ్యాను!" అంది హంసిని.

"ఆపేసి చూడు. అప్పుడూ చల్లారుతుంది."

"అయితే దానంతటదే," అన్నాడు ప్రద్యుమ్న.

"దానంతటదే అవుతోందని మనం అనుకునే పని వెనకాల కూడా ఎవరిదో చెయ్యి ఉంటుంది నాయనా. ఈ పని చేసేది తరుగమ్మ. ఆవిడ ఉద్యోగం ఊడబోయిన సంగతి చెబుతా, వినండి."

ఒక లోకం ఉండేది. అక్కడ ఏది జరగాలన్నా కచేరీ ద్వారానే జరగాలి. పొద్దు పొడవాలంటే వెలుతురు విభాగం కాగితం పంపాలి. మొగ్గ విచ్చాలంటే పుట్టుకల విభాగం ముద్ర వెయ్యాలి. ఆ కచేరీలో మెట్ల కింద, చీపుళ్ళు దాచే మూల పక్కన, తరుగుదల విభాగం ఉండేది. అందులో మనిషి ఒక్క తరుగమ్మే.

ఆవిడ పని చూడ్డానికి చాలా తేలిక. పొద్దున్నే బయల్దేరి లోకంలో ఉన్న ప్రతిదాన్నీ ఒకసారి మెత్తగా ముట్టుకునేది. అంతే. వేడి కాస్త తగ్గేది, ఇనుము కాస్త తుప్పు పట్టేది, పువ్వు కాస్త వాడేది. నియమం ఒక్కటే. ఒకదాన్ని ముట్టుకుని ఇంకోదాన్ని వదిలెయ్యకూడదు.

"వస్తోందర్రా తల్లి! కొత్త చీరలు దాచుకోండి!" అని పుట్టుకల విభాగం వాళ్ళు ఏడిపించేవారు.

"దాచుకోండి. పెట్టెలోకి దూరి మరీ ముట్టుకుంటాను," అని నవ్వేసేది తరుగమ్మ. నవ్వేదే గానీ, ఇన్ని యుగాల్లో తన పని బాగుందని ఒక్కరూ అనలేదన్న వెలితి లోపల ఉండేది. అయినా ఆ పనంటే ఆవిడకి ప్రాణం.

ఒకనాడు కచేరీకి కొత్త పెద్దాయన వచ్చాడు. పొద్దున మెళ్ళో వేసిన మల్లెదండ సాయంత్రానికి వాడిపోయింది.

"ఎవరు చేశారిది?" అని గుమాస్తా మీద ఇంతెత్తున లేచాడు.

"తరుగుదల విభాగం అండీ."

"లోకాన్ని పాడు చెయ్యడానికి ఒక విభాగమా? ఎత్తెయ్యండి!" అని తరుగమ్మని పిలిపించాడు. "ఏమమ్మా, ఈ క్షణం నుంచి నువ్వు దేన్నీ ముట్టుకోవద్దు. ఉత్తర్వు అందగానే ఇంటికి వెళ్ళిపో."

తరుగమ్మ రెండు చేతులూ ఒళ్ళో పెట్టుకుని మెట్ల కింద కూర్చుంది. పెద్దాయన మరో దండ వేయించుకుని, ఉత్తర్వు రాసి సంతకం పెట్టాడు.

ఆ కచేరీలో ఒక ఆచారం ఉంది. సిరా ఆరాక కాగితం మడత పెడితేనే ఉత్తర్వు చెల్లుతుంది. తడిగా మడిస్తే అక్షరాలు అలుక్కుపోతాయి కదా, అందుకు. గుమాస్తా నోటితో ఊదాడు. విసనకర్రతో విసిరాడు. చివరికి తీసుకెళ్ళి ఎండలో పెట్టాడు. సిరా నిగనిగలాడుతూ అలాగే ఉంది. ఆరడం కూడా తరుగుదలేనన్న సంగతి ఒక్కడికీ తట్టలేదు.

మూడు రోజులు గడిచాయి. పెద్దాయన బల్ల మీది కాఫీ మూడు రోజులుగా పొగలు కక్కుతూనే ఉంది. పెదవి ఆనిస్తే చుర్రు! మొదటి రోజు గుమాస్తా మోకాలికి బల్ల కొట్టుకుంది, ఆ దెబ్బ ఇప్పుడే తగిలినట్టు నొప్పెడుతోంది. పాత పువ్వులు రాలకపోవడంతో మొగ్గలు అర్జీలు పట్టుకుని పుట్టుకల విభాగం ముందు బారులు తీరాయి. పొట్టు మెత్తబడక విత్తనాలు లోపల్నుంచి తలుపు బాదుతున్నాయి. అందరికంటే అవస్థ పెద్దాయనది. గుమాస్తా మీద వచ్చిన కోపం ఇంకా దిగలేదు. నిద్రలోనూ అరుస్తున్నాడు.

"ఈ ఒక్కసారికీ ముట్టుకోవమ్మా!" అని తరుగమ్మ మీదా అరిచాడు. "ఆ కాఫీ చల్లార్చు, ఆ కాగితం ఆరబెట్టు, ఆనక పో!"

పుట్టుకల విభాగం వాళ్ళు మెల్లిగా మెట్ల కిందకి చేరారు. "అత్తయ్యా, మా తల్లివి కదూ. కాఫీని ముట్టుకో, విత్తనాల్ని ముట్టుకో. ఆ కాగితం జోలికి మాత్రం వెళ్ళకు. సిరా ఆరిందంటే నీ ఉద్యోగం పోయినట్టే."

తరుగమ్మకి ఆశ పుట్టింది. ఒక్క కాగితమే కదా, వదిలేస్తే ఎవరు చూడొచ్చారు? తన అరచేతుల వంక చాలాసేపు చూసుకుంది.

"వద్దర్రా," అంది చివరికి. "ఇవాళ నా కాగితం వదిలేస్తే రేపు ఆయన దండ వదిలెయ్యమంటాడు. ఎల్లుండి ఎవరి నొప్పో వదిలేస్తాను. ఈ చేతికి తనవాళ్ళూ పరాయివాళ్ళూ లేరు."

లేచి వెళ్ళి కాఫీని ముట్టుకుంది. గుమాస్తా మోకాలిని, దండని, పాత పువ్వుల్ని, బారులో ఉన్న మొగ్గల్ని, విత్తనాల్ని, పెద్దాయన నుదుటిని ముట్టుకుంది. ఆఖర్న కళ్ళలో నీళ్ళు తిరుగుతుండగా కాగితాన్ని ముట్టుకుంది.

మూడు రోజుల బకాయి పని ఒక్కసారిగా జరిగింది. కాఫీ బావినీళ్ళలా అయిపోయింది. దండ పొడిపొడిగా రాలింది. విత్తనాలు టపటపా పగిలాయి. పెద్దాయన కోపం, దాని వెనకాలి సంగతులూ కరిగిపోయాయి. సిరా ఆరింది. ఆరి ఆగితే కదా! నీళ్ళు కలిపిన కచేరీ సిరా, పైగా మూడు రోజులు ఎండలో మాడిన కాగితం. నల్లటి అక్షరాలు గోధుమరంగుకి తిరిగి, వెలిసి, మాయమైపోయాయి.

పెద్దాయన హమ్మయ్య అని కూర్చుని కాఫీ తాగాడు. "చల్లారిపోయిందే! పోన్లే." కాగితం తిప్పి చూశాడు. "ఇందులో ఏం రాశానయ్యా?"

గుమాస్తా మోకాలు తడుముకున్నాడు. నొప్పి లేదు. తరుగమ్మ వైపు ఒకసారి చూశాడు. "గుర్తు లేదండీ."

"నాకూ లేదు. అయితే అంత ముఖ్యమైంది కాదన్నమాట. ఏమమ్మా, నిలబడిపోయావు? పని లేదా?"

"ఉందండీ, బోలెడుంది," అంది తరుగమ్మ కొంగుతో కళ్ళు తుడుచుకుని.

ఆ సాయంత్రం లోకమంతా చుట్టి మెట్ల కిందకి వచ్చాక, రోజూ లాగే, అన్నిటికంటే ఆఖర్న, చెయ్యెత్తి తన తల మీద తనే పెట్టుకుంది.

హంసిని అమ్మమ్మ జుట్టు వంక చూసింది. "ఆవిడదీ తెల్లజుట్టేనా?"

"నాకంటే తెల్లన."

"మరి ఎప్పుడో ఒకరోజు తరుగమ్మ కూడా..."

అమ్మమ్మ కిటికీలోని గిన్నెకి వేలు ఆనించి చూసింది.

"పాలు గోరువెచ్చగా అయ్యాయి. ఆవిడ వంతు ఆవిడ చేసేసింది. ఇక తోడు వెయ్యాల్సింది నేను," అని గిన్నె పట్టుకుని వంటింట్లోకి వెళ్ళింది.