మూసిన తలుపు ముందు కెమెరా

ఆ ఏడు శ్రావణ మాసం మూడో శుక్రవారం, ఉదయం పదకొండుంపావుకి పరిమళ మా భీమిలి ఇంటి గుమ్మంలోకి వచ్చింది. భుజాన కెమెరా సంచీ ఉంది, ముఖంలో నెత్తురు చుక్క లేదు. మా మావయ్యగారు సోమశేఖరంగారి దగ్గర ఆమె నాలుగేళ్ళు ఛాయాగ్రహణం నేర్చుకుంది. మావయ్యగారు ఏ పెద్ద కంపెనీ నీడకీ వెళ్ళకుండా జీవితమంతా చిన్న సినిమాలకే కెమెరా పట్టారు. "ఒక్కటైనా మన వీధి చివరి హాలు దాకా వచ్చిందా?" అని అత్తయ్యగారు ఇప్పటికీ దెప్పుతారు. ఆయన నవ్వేసి ఊరుకుంటారు.

"మాస్టారూ, నేను చేసింది తప్పా?" అని కూర్చోకుండానే అడిగింది పరిమళ.

జరిగింది ఇది. అది కెమెరా పట్టడానికి ఆమెకు సొంతంగా దొరికిన మొదటి సినిమా, ఒక డాక్యుమెంటరీ. ముందురోజు జాలరిపేటలో పోలమ్మ అనే ముసలావిడ, చేపల వేటకి వెళ్ళి తిరిగిరాని కొడుకు గురించి కెమెరా ముందు చెబుతోంది. చెబుతూ చెబుతూ కొంగు ముఖం మీదికి లాక్కుని ఏడ్చింది. పరిమళ చూడలేక కెమెరా ఆపేసి బయటికి వెళ్ళిపోయింది. దర్శకుడు మండిపడ్డాడు. "శనివారం పొద్దున్న ఆవిడ చేత మళ్ళీ చెప్పిద్దాం, మళ్ళీ ఏడుస్తుంది. ఈసారి కొంగు అడ్డం లేకుండా ముఖం తియ్యి. నీ వల్ల కాదంటే చెప్పు, ఇంకొకరు వస్తారు" అన్నాడు.

మావయ్యగారు తప్పనీ అనలేదు, ఒప్పనీ అనలేదు. "ఇవాళ అమ్మవారికి నైవేద్యం. ముందు అది కెమెరాతో తియ్యి" అన్నారు.

నేను చక్కెరపొంగలి అమ్మవారి ముందు పెట్టి, చుట్టూ నీళ్ళు తిప్పి, బయటికి వచ్చి పూజగది తలుపు దగ్గరగా వేశాను.

"అదేంటక్కా, ఇప్పుడేగా మొదలుపెట్టాను! తలుపేసేశావు?"

"తల్లి తింటూంటే గుడ్లప్పగించి చూస్తారటమ్మా ఎవరైనా?"

పరిమళ కెమెరా దించబోయింది. "ఆపమని నేను చెప్పలేదే" అన్నారు మావయ్యగారు. చేసేది లేక ఆమె మూసిన తలుపు మీదే కెమెరా నిలిపింది. సందులోంచి సాంబ్రాణి పొగ సన్నగా వస్తోంది. ఎప్పుడూ ఏదో ఒకటి అంటూ ఉండే అత్తయ్యగారు కళ్ళు మూసుకుని, చేతులు జోడించి నిలబడ్డారు. కాసేపటికి నేను గంట కొట్టి తలుపు తీశాను.

తీసినదాన్ని మావయ్యగారు మాకందరికీ టీవీలో వేసి చూపించారు. తలుపు, పొగ, ఒక పక్కగా అత్తయ్యగారి జోడించిన చేతులు. అంతే.

"లోపల అమ్మవారు ఉన్నట్టే ఉంది మాస్టారూ" అంది పరిమళ మెల్లగా. "నిన్న పోలమ్మ దగ్గర నేను కూడా... అక్కడే నిలబడాల్సింది."

"అన్నం తిను" అన్నారు మావయ్యగారు.

ఆ సాయంత్రం పరిమళ దర్శకుడికి ఫోను చేసింది. "పోలమ్మని మళ్ళీ ఏడిపించను. తనంతట తను చెప్పుకుంటే తీస్తాను. కొంగు కప్పుకుంటే కొంగే తీస్తాను" అంది. అతను టక్కున ఫోను పెట్టేశాడు.

మర్నాడు తెల్లవారగానే, జాలరిపేటకి బయలుదేరే ముందు నేను అందరికీ కాఫీలిచ్చాను. అత్తయ్యగారు "ఆ ముసలమ్మ పక్కన తన ఈడుది ఒకర్తి కూర్చోవాలి, నేనూ వస్తా పదవే" అంటూ చెప్పులేసుకుని అందరికంటే ముందు ఆటో ఎక్కారు. పరిమళ ఒక కాలు ఆటోలో పెట్టి ఆగింది.

"ఆ డైరెక్టరు నన్ను తీసేస్తే, మాస్టారూ?"

మావయ్యగారు గేటు గడియ వేస్తూ అన్నారు: "కెమెరా పట్టేవాళ్ళని మార్చుకోవచ్చమ్మా. పోలమ్మని మార్చుకోలేడు కదా. ఎవరొచ్చి తీసినా ఆవిడ కొంగు ఆవిడదే."