దారి కాయలు

అనగనగా అంటే ఊఁ కొట్టాలి, కాళ్ళాడించకూడదు. ఇవాళ రాజులూ లేరు, రాక్షసులూ లేరు. నాకంత ఓపిక లేదు తల్లీ. అందుకని మామూలు మనుషుల కథే చెబుతా.

ఒక ఊళ్ళో ఆదెమ్మ అని ఒకావిడ ఉండేది. ఆవిడకి అరెకరం నిమ్మతోట. ఆ తోటకి మూడు వైపులా కాలవ, నాలుగో వైపు పున్నయ్య చేను. రోడ్డెక్కాలంటే ఆ చేలోంచే నడవాలి. తాతల కాలం నుంచీ అలాగే నడిచేవాళ్ళు. ఎవరూ ఎవర్నీ అడిగింది లేదు. కాకపోతే ఏటా తొలి కోతకి ఆదెమ్మ ఒక గంపెడు కాయలు తీసుకెళ్ళి పున్నయ్య గుమ్మంలో పెట్టి వచ్చేది. వాటిని దారి కాయలు అనేవాళ్ళు. పున్నయ్య భార్య సీతారావమ్మ వాటితో జాడీడు ఊరగాయ పెట్టేది.

అలా ఉండగా ఒక ఏడు తోటకి తెగులొచ్చింది. గంప కాదు కదా, గుప్పెడు కాయలు కూడా దక్కలేదు. ఉత్త చేతులతో ఎలా వెళ్ళనని సిగ్గుపడి ఆదెమ్మ ఆ గుమ్మం ఛాయలకే పోలేదు. పోయి "ఈ ఏడు కాపు లేదు వదినా" అంటే సరిపోయేది. అనలేదు. మనుషులకి నోళ్ళెందుకిచ్చాడో ఆ దేవుడు.

అప్పుడు పున్నయ్య, దారి తన సొంతమే అనుకుంటోంది ఈవిడ, అనుకున్నాడు. ముళ్ళకంప తెచ్చి అడ్డం కొట్టాడు. మరుసటేడు తోట విరగకాసింది. ఆదెమ్మ కాలవలో నడుం లోతు దిగి, నెత్తిన మోయగలిగినన్ని మోసింది. మిగతావి చెట్ల కిందే కుళ్ళాయి. ఆ తోట తప్ప ఆవిడకి ఇంకో బతుకుతెరువు లేదు. ఆ తర్వాత కోర్టుకెక్కింది.

ఇంక చూసుకో. మొదటి వాయిదాకి జడ్జిగారు సెలవు. రెండో వాయిదాకి ప్లీడర్లు రాలేదు. మూడో వాయిదాకి ఏదో కాగితం తక్కువైంది. అలా ఐదేళ్ళు. ఊరికి ఒకటే బస్సు. పోట్లాడుకునే రెండు ఇళ్ళవాళ్ళూ అందులోనే పోయి అందులోనే వచ్చేవాళ్ళు. ఆడవాళ్ళ సీట్లో ఆదెమ్మా సీతారావమ్మా పక్కపక్కనే కూచునేవాళ్ళు, మాటల్లేకుండా. చెబుతుంటేనే నాకు నడుం నొప్పెడుతోంది.

చివరికి సాక్ష్యం రోజు వచ్చింది. పొద్దున్నే ఆదెమ్మ ప్లీడరు ఆవిణ్ణి పక్కకి పిలిచాడు. "ఏటా కాయలిచ్చానని మాత్రం చెప్పకమ్మా. ఇచ్చావంటే వాళ్ళ దయతో నడిచినట్టు. ఇవ్వలేదంటేనే హక్కుతో నడిచినట్టు" అన్నాడు.

మధ్యాహ్నం కోర్టు వరండాలో అందరూ సద్దిమూటలు విప్పుకున్నారు. ఆదెమ్మది ఉత్త మజ్జిగన్నం. సీతారావమ్మ అది చూసింది. తన గిన్నెలోంచి నల్లగా మాగిన నిమ్మకాయ ముక్క తీసి ఆవిడ అన్నం మీద పెట్టింది. ఆదెమ్మ తినేసింది. ఆ కాయ ఏ తోటదో ఇద్దరికీ తెలుసు.

అప్పుడు బంట్రోతు పిలిచాడు. ఆదెమ్మ బోనెక్కి, అంతా నిజమే చెబుతానని ప్రమాణం చేసింది. "ఆ ఇంటికి ఎప్పుడైనా కాయలిచ్చావా?" అని అవతలి ప్లీడరు అడిగాడు. ఆదెమ్మ నేల చూసింది. నోట్లో ఉప్పూ పులుపూ ఇంకా పోలేదు.

"ఒక్క కాయ కూడా ఇవ్వలేదండి" అంది.

పున్నయ్య వాళ్ళు ఇచ్చిందనే చెప్పారు. దారి కాయలకి రసీదులుంటాయా? ఆదెమ్మ గెలిచింది. కంప తీసేశారు.

ఆ తర్వాత తొలి కోత కాగానే ఆదెమ్మ అన్నిటికన్నా పెద్ద గంప నింపుకుని, ఆ దారమ్మటే నడిచి, సీతారావమ్మ గుమ్మంలో దించింది. సీతారావమ్మ బయటికొచ్చింది. కోప్పడలేదు. "ఎప్పుడూ లేంది ఇప్పుడెందుకులే ఆదెమ్మా, తీసుకుపో" అంది.

అంతకుముందు ఆవిడా ఆదెమ్మని వదినా అనే పిలిచేది.

ఆదెమ్మ ఆ గంప మళ్ళీ నెత్తికెత్తుకుంది. గెలిచిన దారి పొడుగునా ఏడ్చుకుంటూ పోయింది. తప్పెవరిదని అడక్కు తల్లీ, నాకూ తెలీదు. తోట నిలబడింది, అదీ నిజమే. ఇంక కళ్ళు మూసుకో.

దారేమో ఆదెమ్మకి,
ఖాళీ జాడీ అటక మీదకి,
కథ కంచికి,
నువ్వూ నేనూ మంచానికి.