మునగని రాగి కుడుక

ఒకానొక రాజ్యంలో అనే మొదలుపెట్టాలి. ఆ రాజ్యం పేరు నా జ్ఞాపకంలో చెరిగిపోయింది. రాజు పేరు రిపుంజయుడనే అనుకుంటున్నాను. ఎప్పుడో ఒక్కసారి విన్న కథ. ఇందులో ఏది విన్నదో, ఏది ఇన్నేళ్ళుగా నేనే కలుపుకుంటూ వచ్చానో ఇప్పుడు విడదీయలేను.

ఆ రాజుకు పట్టాభిషేకమైన వారానికే కొండగనిలో ఒక నీలిరంగు రాయి దొరికింది. దాని పక్కన పెట్టిన పువ్వు వాడలేదు. దీపంలో నూనె తరగలేదు. జనం దాన్ని నిలుపురాయి అన్నారు. రాజు దానికొక గది కట్టించి, రాయిని పీఠం కింద పొదిగించి, దానిమీద కూర్చోవడం మొదలుపెట్టాడు. లోపల ఒక్క గడియ గడిచేసరికి బయట నెల గడిచేది. నెలకొకసారి వెలుపలికి వచ్చి, ఒక్క రోజు ఉండి, అద్దంలో మీసం చూసుకుని మళ్ళీ లోపలికి వెళ్ళేవాడు. 'కాలకంఠీరవ' అనే బిరుదును తనకు తానే ఇచ్చుకున్నాడు.

కోటలో గడియలు లెక్కపెట్టేవాడు కొమ్మయ్య. అడుగున సన్నని చిల్లున్న రాగి కుడుకను నీళ్ళతొట్టిలో తేలవిడిచి, అది నిండి మునిగినప్పుడల్లా జేగంట కొట్టడం అతని పని. చివరి దెబ్బ కొట్టగానే గంటను అరచేత్తో అదిమి మోతను తుంచేవాడు. కోటగోడ అవతలి ఇంట్లో, చూపు పోయిన భార్య ఎర్రమ్మకు అది గుర్తు. మోత తెగిందంటే గంట దగ్గరున్నది తన మనిషే. పిల్లలు లేని ఆ ఇంట్లో ఆమెకు పగటి తోడు అదొక్కటే.

పన్నెండేళ్ళు నిండవస్తుండగా రాజుకొక కోరిక పుట్టింది. "మా గడియలు సామాన్యుల గడియలు కావు. వాటిని పక్కనే కూర్చుని లెక్కపెట్టాలి," అన్నాడు.

కొమ్మయ్య తొట్టీ కుడుకా తీసుకుని లోపలికి వెళ్ళాడు. కుడుక ఒక్కసారి మునిగింది. ఇద్దరూ బయటికి వచ్చారు.

గుమ్మంలో ఆస్థాన పండితుడు సోమయాజులు నిలబడి ఉన్నాడు. "నెల్లాళ్ళుగా కిటికీలోంచి చూస్తున్నాను. నీ కుడుక మునగదేం? చిల్లులో పాచి పట్టిందయ్యా, తోముకోవద్దూ!" అంటూ ఒక సూది కూడా చేతికిచ్చాడు.

కొమ్మయ్య సూది అందుకుని ఇంటికి నడిచాడు. ఎర్రమ్మ సగమైపోయి ఉంది.

"ఎవరది?"

"నేనే."

ఆమె అతని అరచేతిని తడిమి చూసింది. గంటను అదిమి అదిమి కాయకట్టిన చోట వేలు ఆపింది. "నెల్లాళ్ళుగా మోత తెగలేదు బావా. బొట్టు తుడుచుకోవాలో వద్దో చెప్పేవాళ్ళు లేక ఊరుకున్నాను."

మర్నాడు రాజాజ్ఞ వచ్చింది. పన్నెండో ఏటి ఉత్సవం కాగానే కొమ్మయ్య ప్రతిసారీ రాజు వెంట లోపలికి రావాలి. ఎర్రమ్మకు భోజనం కోటనుంచే వస్తుంది.

కొమ్మయ్య లెక్క వేసుకున్నాడు. అతనికి వచ్చిన విద్య అదే. ఎర్రమ్మకు మహా అయితే ఇంకో పదేళ్ళు. తనకు అవి నాలుగు నెలలు.

ఉత్సవం నాటి ఉదయం సభ నిండింది. ఏలుబడిలో గడిచిన ఏటికొక దెబ్బ చొప్పున గంట మోగితేగాని రాజు మకుటం ధరించకూడదని అక్కడి ఆచారం. కొమ్మయ్య రెండు రాగి కుడుకలు ముందు పెట్టుకుని, చేతులు కట్టుకుని నిలుచున్నాడు.

"కొట్టవేం?" అన్నాడు రాజు.

"ఏ కుడుక లెక్కన కొట్టమంటారు ప్రభూ? ఇది బయటిది. దీని లెక్కన పన్నెండు దెబ్బలు. అయితే తమ వయసు కూడా దీని లెక్కనే చాటాలి. నలభైకి పన్నెండు కలిపి..."

"ఛీ! మాకు నలభయ్యే. లోపలి కుడుక లెక్కనే కానీ!"

"చిత్తం. ఆ లెక్కన తమ ఏలుబడికి ఇంకా అయిదు నెలలు నిండలేదు. ఒక్క దెబ్బ కూడా రాదు. మొదటి ఏటి పండగకే ఏడు నెలలు ఆగాలి."

సోమయాజులు లేచాడు. "ఓరి మూఢుడా! వయసుకు లోపలి కుడుక, ఏలుబడికి బయటి కుడుక. ఇంతమాత్రం తెలియదా?"

"అలాగేనండి సోమయాజులుగారూ. కానీ లోపలున్న ప్రభువుకు పన్నెండేళ్ళు గడవలేదు. గడిచింది బయటున్న తమకు. మరి పన్నెండేళ్ళ ఏలుబడి తమదంటే, ఆ మకుటం తమ నెత్తిన పెట్టమంటారా?"

సోమయాజులు రెండు చేతులతోనూ తలపాగా పట్టుకుని చతికిలబడ్డాడు.

రాజు పెదవి అదిరింది. మరుక్షణం పీఠం కదిలేలా నవ్వాడు. నవ్వుతూనే, చిన్ననాటి నేస్తం దండనాయకుడి వైపు తిరిగాడు. ఆ ఆసనంలో అదే ముక్కు, అవే కళ్ళతో ఎవరో యువకుడు కూర్చుని ఉన్నాడు.

"మీ నాన్న ఏడీ?"

"పోయి మూడేళ్ళయింది ప్రభూ. తమరు లోపల ఉన్నారు. బయటికి వచ్చిన రోజుల్లోనూ అడగలేదు."

నవ్వు సన్నగిల్లింది. "మేమింతగా నవ్వి ఎన్నాళ్ళయిందో కొమ్మయ్యా," అన్నాడు రాజు.

"ఏ కుడుక లెక్కన ప్రభూ?"

కన్నీళ్ళు తుడుచుకుంటూనే రాజు మళ్ళీ నవ్వాడు. "చెప్పు, ఏం కావాలి?"

"పోయిన నెల కావాలి. అది తమరివ్వలేరు. నా గంట నాకు వదిలేయండి."

రాజు గంటనిచ్చాడు. తన చేతి కంకణం తీసి అతనికి తొడిగాడు. ఆ పూటే గది గుమ్మానికి రాతిగోడ కట్టించాడు. ఆ తర్వాత మకుటం పక్కన పెట్టి, "కొట్టు. పన్నెండూ కొట్టు," అన్నాడు.

పన్నెండో దెబ్బ కాగానే కొమ్మయ్య గంటను అరచేత్తో అదిమాడు. మోత తెగింది.

గోడ అవతల ఆ తెగిన మోత విని ఎర్రమ్మ తనలో తాను ఒక మాట అనుకుంది. ఈ కథ మొత్తంలో నాకు అక్షరం పొల్లుపోకుండా గుర్తున్నది ఆ మాట ఒక్కటే. దాన్ని కావాలనే చెప్పకుండా వదిలేశాను.