ఏటికి తెలియని లాటిన్

రాజుగారి ఉత్తరాలను దిగువకోటకు చేరవేసే పడవ పోలమ్మది. వెళ్ళడానికి ఒక పూట, తిరిగి రావడానికి రెండు పూటలు పట్టేది. పరదేశంలో లాటిన్ చదివొచ్చిన కొత్త మంత్రి శేషాచలపతికి అది సోమరితనంగా తోచింది.

"సెటెరిస్ పారిబస్! అంటే, మిగతావన్నీ సమానమైతే, వెళ్ళినంతసేపట్లోనే తిరిగి రావాలి. రాకపోతే పడవ లాగేసుకుంటాం!" అన్నాడు పోలమ్మను సభకు పిలిపించి.

ఆ పడవే పోలమ్మ బతుకు. అయినా తొణకకుండా, "ఒక్కసారి మీరొచ్చి చూపించండి బాబుగారూ, నేర్చుకుంటాను," అంది.

మర్నాడు రాజు, జనం రేవులో నిలబడి చూస్తుండగా మంత్రి పడవెక్కాడు. ఏటి నడుమకు రాగానే పోలమ్మ తెడ్లు లోపల పెట్టేసింది. పడవ దానంతటదే దిగువకు సాగింది.

"చాలు, ఇక వెనక్కి పోనీ," అన్నాడు మంత్రి.

పోలమ్మ చుక్కానితో పడవను రేవు వైపు తిప్పి చేతులు కట్టుకుంది. పడవ మాత్రం సముద్రం వైపే కొట్టుకుపోతోంది.

"తెడ్లు వెయ్యవే!"

"వచ్చేటప్పుడు వెయ్యలేదు కదండీ. ఇప్పుడు వేస్తే సమానం ఎలా అవుతుంది?"

"ఏరు ఎదురొస్తోంటే సమానం ఎక్కడిదే!"

ఆ కేక రేవులో రాజుకు స్పష్టంగా వినిపించింది. పోలమ్మ నవ్వుతూ తెడ్లు అందుకుంది.

ఒడ్డు చేరగానే రాజు తీర్పు చెప్పాడు. ఆ నెలంతా ఎదురీదే పడవలో తెడ్లు వేసింది మంత్రి. ముందు కూర్చుని దారి చెప్పింది పోలమ్మ.