రాజుగారి ఫ్రెంచి సెలవు

ఒకానొక రాజ్యంలో మనుషుల్ని పిలిపించడమే తప్ప పంపించడం తెలియని రాజు ఒకాయన ఉండేవారు. పేరు ప్రతాప మార్తాండ భూపతి. ఆయన సింహాసనం దిగి గడప దాటితే వాకిట్లో నగారా మోగేది. అది మోగితే సభ చాలించినట్టు. అంతవరకూ ఎవరూ బయటికి పోకూడదు, ఇల్లు తగలబడుతున్నా సరే. తాతగారి నాటి కట్టుబాటు అది. ఆ తాతగారు కనీసం వేళకు భోజనానికైనా లేచేవారు.

ఆ మధ్య ఒక ఆంగ్లేయ దొర వచ్చి నాలుగు రోజులు విడిది చేశాడు. పోయేవాడు ఊరికే పోక, "మా సిపాయిలకు వెళ్ళిపోవడానికే ముప్పై మాటలున్నాయి" అని గొప్పలు చెప్పాడు. ఉన్నపళంగా పోతే లంగరు తాడు కోశాడంటారట. ఎవరికీ చెప్పకుండా పోతే ఫ్రెంచి సెలవు తీసుకున్నాడంటారట. రాజుగారికి తల కొట్టేసినట్టయింది.

మర్నాడు పొద్దున్నే సభ తీర్చి, "మన భాషలో అలాంటివి నూరు మాటలు పోగయ్యేదాకా ఎవరూ కదలడానికి వీల్లేదు" అన్నారు.

పండితులు నిష్క్రమణం, ప్రస్థానం అంటూ మొదలుపెట్టారు. దళవాయి ఉడాయించడం, చెక్కేయడం అన్నాడు. బిచాణా ఎత్తేయడం, కాలికి బుద్ధి చెప్పడం కూడా వచ్చాయి. ఒక్కో మాటకూ రాజుగారు అర్థం వివరించేవారు, అక్కడ ఎవరికీ తెలుగు రానట్టు. అరవై రెండు దగ్గర బండి ఆగింది.

ఆ సభలో హాస్యగాడు జోగప్ప. అతని కూతురు మంగతాయి ఆ రోజే కాపురానికి వెళుతోంది. అల్లుడు రేవులో పడవ సిద్ధం చేసుకుని ఉన్నాడు. మధ్యాహ్నం ముహూర్తం, అది దాటితే పడవ ఆగదు. తల్లి లేని పిల్ల. చెయ్యి పట్టి పడవ ఎక్కించడానికి తండ్రి తప్ప ఎవరూ లేరు. పొద్దు చూస్తే నెత్తి మీదికి వస్తోంది. జోగప్పకు ముళ్ళ మీద కూర్చున్నట్టుంది.

"మహాప్రభూ, ఒక మనవి" అన్నాడు.

"కొత్త మాటా?"

"కాదు ప్రభూ. మా అమ్మాయి ప్రయాణం..."

"ప్రయాణం పదిహేనోది. అయిపోయింది. కూర్చో."

జోగప్ప కూర్చున్నాడు. వాకిట్లోని నగారాకేసి ఒకసారి చూశాడు. కాసేపాగి మళ్ళీ లేచాడు.

"ప్రభూ, ఆ దొర కోతలు కోశాడని నా అనుమానం. ఇంతమంది మధ్య నుంచి ఎవరికీ తెలియకుండా వెళ్ళిపోవడం మనిషికి సాధ్యమా?"

"మనం జారుకోవడం అంటామే, అదేగా" అన్నాడు దళవాయి.

"జారుకునేవాడి కాలిచప్పుడైనా వినబడుతుంది. దీనికి అదీ ఉండకూడదట. ఫ్రెంచివాళ్ళకు చేతనవునేమో గాని, మన గడ్డ మీద అంతటి ఘనుడు లేడు లెండి."

రాజుగారు మీసం మీద చెయ్యి వేశారు. "లేడని ఎవరన్నారు?"

"తమరా? వద్దు ప్రభూ. ఆ కిరీటం, ఆ పావుకోళ్ళు... నలుగురిలో నగుబాటు."

"అందరూ కళ్ళు మూసుకోండి" అన్నారు రాజుగారు.

మూసుకున్నారు. రాజుగారు పావుకోళ్ళు చంకలో పెట్టుకుని, ఊపిరి బిగబట్టి, మునివేళ్ళ మీద నడిచి గడప దాటారు. చెప్పుకోవాలి, చాలా బాగా చేశారు. ఆయన బరువుకు అది చిన్న పని కాదు.

నగారావాడికి లోపలి సంగతులు ఏం తెలుసు? రాజుగారు గడప దాటడం చూశాడు. ఎప్పటిలాగే వాయించాడు.

రాజుగారు వెనక్కి తిరిగి లోపలికి వచ్చేసరికి సభలో పిట్ట లేదు. ఎవరిదో కండువా ఒకటి వెనక తలుపు గొళ్ళేనికి చిక్కుకుని ఉంది.

జోగప్ప రేవుకు పరిగెత్తాడని నగారావాడు చెబితే, ఆయన మండిపడుతూ గుర్రమెక్కి అక్కడికి వచ్చారు. జోగప్ప కూతురి చెయ్యి పట్టుకుని పడవ దగ్గర నిలబడి ఉన్నాడు.

"ఎవరినడిగి వచ్చావు?"

"తమరు గడప దాటారు, నగారా మోగింది ప్రభూ."

"నేను దాటింది అర్థం చూపించడానికి!"

"అందరికీ అర్థమైంది ప్రభూ. పొద్దుటినుంచీ అరవై రెండు మాటలు విన్నాం, ఒక్కరమూ కదల్లేదు. తమరు ఒక్కసారి చేసి చూపించేసరికి ముసలి పండితులు కూడా పరుగందుకున్నారు."

రాజుగారు కాసేపు గుడ్లురిమి చూశారు. తర్వాత ఆపుకోలేక పగలబడి నవ్వారు. మెడలోని ముత్యాల దండ తీసి మంగతాయి చేతిలో పెట్టారు. "ఇకమీదట ఇంట్లో పని ఉన్నవాళ్ళు నగారా కోసం చూడనక్కరలేదు" అన్నారు.

"వెళ్ళొస్తాను నాన్నా" అంది మంగతాయి. జోగప్ప ఆమెను పడవ ఎక్కించాడు. పడవ కదిలింది, మలుపు తిరిగింది, కనబడకుండా పోయింది.

"పద జోగప్పా, వెళదాం" అన్నారు రాజుగారు. "పొద్దుటినుంచీ నీ తొందర అదేగా."

జోగప్ప నీళ్ళకేసే చూస్తున్నాడు. ఏడుపు వస్తోంది. "తమరు పదండి ప్రభూ. నాకు కాళ్ళు రావడం లేదు."

అంటూనే రేవు మెట్టు మీద చతికిలబడ్డాడు. రాజుగారు కూడా వచ్చి పక్కన కూర్చున్నారు. జోగప్ప లేచేదాకా లేవలేదు.